ఒలింపియాకు బొట్టు పెట్టిన రోజులు

దుబాయ్ వైపు కల్బాలో గది మారుతున్నప్పుడు పెట్టె అడుగున, చీరల మడతల మధ్య ఆ పటం చేతికి తగిలింది. అద్దం పగల్లేదు. అద్దం మీద నేను పెట్టిన కుంకుమ బొట్టు మాత్రం ఎండి, ఒక పక్క రాలిపోయి, నెలవంకలా మిగిలింది. గదిలో నాతో ఉండే రాజోలు పిల్ల మేరీ తొంగి చూసి, "ఎవరు పిన్నీ ఈ దొరసాని? నెత్తి మీద ఈకల టోపీ, నుదుట బొట్టు, ఇదేం కలగలుపు?" అంది. "నేను పనిచేసిన ఇంటి పెద్దావిడ, మా దోనమ్మ గారి అమ్మకి శత్రువు" అన్నాను. "శత్రువుకి బొట్టు పెట్టి చీరల్లో దాచుకున్నావా! నీకేమైనా పిచ్చా?" అంది. సర్దుతున్న సామాను అలాగే వదిలేసి నేల మీద కూలబడ్డాను. ఇప్పుడు నేను చెబుతుంటే ఆ మేరీయే రాస్తోంది. నాకు సంతకం వచ్చు, బస్సు మీద అంకెలు వచ్చు. అంతకు మించి అక్షరాలకీ నాకూ పెద్ద రాకపోకలు లేవు.

మనిషికి చిన్నతనం ఒక్కసారే అంటారు గాని, నాకు రెండుసార్లు వచ్చింది. మొదటిది నర్సాపురం అవతల కాలవగట్టున ఎప్పుడు వచ్చి ఎప్పుడు పోయిందో తెలియదు. రెండోది మా ఆయన పోయిన మరుసటి ఏడు, నలభై ఆరో ఏట, ఈ దుబాయ్ పక్కనే రాస్ అల్ ఖైమాలో వచ్చింది. కొత్త దేశంలో దిగిన మనిషి చంటిపిల్లతో సమానం. కుళాయి ఎటు తిప్పితే చేతులు కాలతాయో తెలియదు. లిఫ్టు తలుపు దానంతటదే మూసుకుంటే గావుకేక పెట్టాను. కింద వాచ్‌మన్ పఠాన్ ముసలాయన పరిగెత్తుకొచ్చి, "క్యా హువా అమ్మా, చోర్ హై?" అని అడిగాడు. ఆకలేస్తే అడగడానికి మాట లేదు, కోపం వస్తే తిట్టడానికి మాట లేదు. తిట్టు లేకుండా బతకడం ఎంత కష్టమో ఆ నెలలోనే తెలిసింది. అంతలో కరోనా వచ్చి ఊరంతా తలుపులు వేసుకుంది.

నా గొంతు సంగతి ఇక్కడే చెప్పాలి. పుట్టుకతోనే బొంగురు. "రంపం పెట్టి దూలం కోస్తున్నట్టుంది, కాస్త నోరు మూయవే" అనేది మా అత్తగారు. ఆవిడ పోయినా ఆ మాట నిలిచింది. ఈ దేశం వచ్చాక మొదటి ఇంట్లో జోల పాడితే నిద్రపోతున్న బిడ్డ లేచి కూర్చుంది. రెండో ఇంట్లో ఫోన్ ఎత్తి "హలో" అంటే, అవతలి వాళ్ళు ఇంట్లో ఈ మగవాడెవరని మేడమ్‌ని నిలదీశారు. ఖలాస్. మూడో ఇల్లు ఫిలోమినా వాళ్ళది. అక్కడా కుదరకపోతే విమానం ఎక్కించేస్తామని పనికి పెట్టే ఆఫీసువాళ్ళు ముందే చెప్పారు. అందుకని మాటలు మింగేసి, తల ఊపడానికే సిద్ధపడి వెళ్ళాను.

ఫిలోమినా గోవా పిల్ల, ఆసుపత్రిలో నర్సు. నాతో హిందీ, అత్తింటివాళ్ళతో పోర్చుగీసు. మొగుడు మార్కోస్ బ్రెజిల్ వాడు. కుస్తీ లాంటి ఆట ఒకటుంది కదా, తెల్ల కోటు వేసుకుని కిందపడి దొర్లుతారు, అది బడిపిల్లలకి నేర్పేవాడు. బడులు మూసేశాక కంప్యూటర్ ముందు దిండుతో కుస్తీ పట్టి చూపించేవాడు. మంచి మనిషి. దిండు చేతిలో ఓడిపోయిన రోజులు కూడా ఉన్నాయి. ఆ మార్కోస్ నాయనమ్మే మా దోనమ్మ. దోనా అంటే వాళ్ళ భాషలో గారు లాంటిదట. ఉత్తి గారు అని పిలిస్తే ఏం బాగుంటుందని నేనే అమ్మ తగిలించాను. అప్పటికి ఆవిడకి ఎనభై ఎనిమిదేళ్ళు. కళ్ళకి వెలుగు, నీడ తప్ప ఇంకేమీ ఆనవు.

"నాయనమ్మకి స్నానం చేయించడం వచ్చా?" అని ఫిలో హిందీలో అడిగింది. నేను తల ఊపాను. "నోటితో చెప్పు." "ఆయ్, వచ్చండి" అన్నాను. అలవాటుగా తెలుగే వచ్చింది. కిటికీ దగ్గర కుర్చీలో ముసలావిడ చటుక్కున తల ఎత్తి ఏదో అంది. "ఇంకా మాట్లాడమంటోంది" అంది ఫిలో. ఏం మాట్లాడను? నర్సాపురం నుంచి పాలకొల్లు దాకా బస్సు ఆగే ఊళ్ళన్నీ వరసగా చెప్పాను. అయిపోతే తిరుగు ప్రయాణంలో వెనక నుంచి చెప్పాను. ముసలావిడ కళ్ళ నీళ్ళు పెట్టుకుంది. ఫిలో నా వైపు వింతగా చూసి, "ఆవిడ అమ్మ గొంతు అచ్చం ఇలాగే ఉండేదట. నువ్వు రేపటి నుంచి వచ్చేయ్" అంది. నా గొంతు వల్ల ఉద్యోగం రావడం అదే మొదలు. దోనమ్మ ఆ రోజు నుంచి నన్ను మెనీనా అని పిలిచేది. పిల్లా అని అర్థం. బోడి నుదురుతో, నెరిసిన జుట్టుతో నేనొక పిల్లని.

ఆ ఇంట్లో పొద్దున్నే కాఫీ వాసన. గాజు జాడీలు, మరలు ఏవీ ఆవిడ ఒప్పుకోదు. గుడ్డ సంచిలో పొడి వేసి, మరిగే నీళ్ళు పోసి, చుక్క చుక్క దిగాలి. ఆ సంచి సబ్బుతో ఉతికానని ఒకసారి ఆవిడ నాతో రోజంతా మాట్లాడలేదు. మధ్యాహ్నం నల్ల చిక్కుళ్ళు, వెల్లుల్లి, బిరియానీ ఆకు. నేను బాల్కనీలో దొంగతనంగా ఎండు చేప కాల్చుకుంటే వాసన పట్టి, గోడ తడుముకుంటూ వచ్చి నిలబడింది. తంటా వచ్చిందిరా అనుకున్నాను. ఆవిడ చెయ్యి చాచింది. వాళ్ళ ఊళ్ళోనూ ఉప్పు చేప తింటారట. ఆ పూట నుంచి చేప ఇద్దరికీ కాల్చేదాన్ని. కాఫీ తాగేటప్పుడు కింది పెదవి ముందుకు పెట్టి ఉఫ్ అని ఊదేది, ఆ ఊపుకి నుదుటి మీద జుట్టు ఎగిరేది. నడిచేటప్పుడు ఎడమ భుజం ముందుకు పోయేది, కనపడని తలుపేదో తోసుకుంటూ వెళ్తున్నట్టు. మనిషికి స్నానం చేయించి, తల దువ్వి, పక్క మార్చిన చేతులకి ఇలాంటివి మనసుకన్నా ముందు తెలుస్తాయి.

మధ్యాహ్నం కునుకు తీశాక అమ్మ కబుర్లు మొదలయ్యేవి. ఫిలోకి సెలవైతే హిందీలో చెప్పేది, లేకపోతే దోనమ్మ చేతులు తిప్పుతూ, నాలుగు ఇంగ్లీషు మాటలు, రెండు అరబ్బీ మాటలు కలిపి తనే చెప్పేది. ఆరు నెలలకి మాకు మూడో మనిషి పెద్దగా అక్కర్లేకుండా పోయింది. అమ్మ పేరు లౌరిందా. రియో ఊళ్ళో ఇస్త్రీ ఆవిడ కూతురు. పదహారేళ్ళప్పుడు గంజి పెట్టిన చొక్కాలు ఇవ్వడానికి ఒక ఫోటోల ఆయన ఇంటికి వెళ్తే, ఆయన చొక్కాలు పక్కన పడేసి ఈవిడని చూశాడట. అప్పుడప్పుడే వాళ్ళ దేశంలో సినిమాలు మొదలవుతున్నాయి. మాట లేని సినిమాలు. దీపాలు కొనే స్తోమత లేక మేడ మీద, ఎండలోనే తీసేవారు. గది అంటే మూడు పక్కల గుడ్డ, పైన ఆకాశం. ముఖానికి పిండి పూసుకుంటే అరగంటలో కారిపోయేదట. అడవిలో పులి తరిమే సినిమాకి సర్కస్ నుంచి ముసలి పులిని తెస్తే, అది తరమకుండా నిద్రపోయిందట. లౌరిందాయే వెళ్ళి దాని తోక లాగింది. అలా అయిదు సినిమాల్లో ఆవిడే నాయిక. వీధిలో వెళ్తుంటే ట్రాము ఆపేవారట.

ఆరో సినిమా నాటికి ఆ ఫోటోల ఆయన ఒలింపియా అనే ఆవిడని పెళ్ళాడాడు. అక్కడితో నాయిక ఎవరో మీకు నేను చెప్పక్కర్లేదు. ఆ తర్వాత రీళ్ళు దాచిన కొట్టు తగలబడింది. అప్పటి సినిమా చుట్టలు ఎండుగడ్డి కంటే త్వరగా అంటుకునేవట. లౌరిందా పరుగెత్తుకుని వెళ్ళేసరికి బూడిద. ఇంకొన్నాళ్ళకి సినిమాకి మాట వచ్చింది. పరీక్షకి ఈవిడ నోరు తెరిచిందట, అవతలివాళ్ళు మైకు పాడైందనుకున్నారట. బొంగురు గొంతు! కుట్టు మిషన్ పెట్టుకుని బతికింది. "నేను పుట్టేసరికి అమ్మ బట్టలు కుట్టే మనిషి. అమ్మ నటించగా నేను చూడలేదు. ఎవరూ మిగల్లేదు, చూశామని చెప్పడానికి" అనేది దోనమ్మ. చెప్పిన ప్రతిసారీ ఆ చివరి మాట దగ్గర చేతులు ఒళ్ళో పడిపోయేవి. "ఒక్కటి, ఒక్క ముక్క మిగిలి ఉంటే, మెనీనా."

దోనమ్మ ట్రంకులో రెండు పటాలు ఉండేవి, ఒకే కొలత. ఒకటి అమ్మ, ఒకటి ఒలింపియా. శత్రువు పటం దేనికంటే, అమ్మ ప్రతి కొత్త సంవత్సరానికీ దాన్ని బయటికి తీసి తిట్టి మళ్ళీ లోపల పెట్టేదట. పద్ధతైన మనిషి. "అమ్మని బల్ల మీద పెట్టు, ఆవిడని ట్రంకులోనే ఉంచు" అంది దోనమ్మ. "అమ్మ ఎవరు?" "అందమైనది." సరేనని చూశాను. ఒకావిడ బక్కగా, చిలక ముక్కుతో, అప్పుడే ఎవరితోనో తగువులాడి వచ్చినట్టు ఉంది. ఇంకొకావిడ నిండు బుగ్గలు, చారెడేసి కళ్ళు, ఈకల టోపీ. నర్సాపురంలో ఎవర్ని అడిగినా అందమైనది ఎవరో చెబుతారు. బుగ్గలావిడని తుడిచి బల్ల మీద పెట్టాను. పోయిన పెద్దావిడ పటం బోడిగా ఉండకూడదు కదా. మల్లెపూలు తెచ్చి చుట్టాను, కుంకుమ బొట్టు పెట్టాను. నా నుదుట లేకపోయినా నా వేలికి ఆ అలవాటు పోలేదు. దోనమ్మ మల్లెల వాసన పీల్చి, "అమ్మకా?" అంది. "అమ్మకే" అన్నాను. రోజూ పొద్దున్నే ఆ బల్ల దగ్గర కాసేపు నిలబడి ముద్దు పెట్టి వెళ్ళేది. మార్కోస్‌కి కుస్తీ పట్లు తప్ప ముఖాలు గుర్తుండవు. ఫిలోకి డ్యూటీల మధ్య తన ముఖమే గుర్తుండేది కాదు. అలా ఏడాదిన్నర గడిచింది.

అప్పుడు రియోలో ఒక పెద్దాయన, పాత సినిమాలు పోగేసే పిచ్చి ఉన్నాయన, మార్కోస్‌కి కబురు పెట్టాడు. ఏదో చర్చి అటక మీద రెండు నిమిషాల ముక్క దొరికింది, లౌరిందా ఉందని నా అనుమానం, ఆమె ఫోటో పంపిస్తే పోల్చుకుంటాను, వచ్చే నెల హాల్లో నలుగురికీ చూపించేటప్పుడు పేరు వేస్తాను అన్నాడు. దోనమ్మకి ఆ పూట అన్నం దిగలేదు. ఫిలో డ్యూటీకి పోతూ పోతూ, బల్ల మీది పటాన్ని మల్లెపూలతో, బొట్టుతో సహా ఫోన్లో తీసి పంపేసింది. రెండు రోజులకి జవాబు. ముఖం కలిసింది, ముక్కలో నాయిక ఈమే. ఇంతకీ నుదుటి మీద ఆ తిలకం ఏ సినిమాలోది? ఆమె భారతదేశపు రాణిగా వేసిన సినిమా ఒకటి ఉండి ఉండాలి, అది ఎవరికీ తెలియదు, మీకేమైనా గుర్తుందా? ఫిలో నవ్వలేక చచ్చింది. "ఇది మా సత్యవతి పని అని రాసేస్తాను" అంది. దోనమ్మ మాత్రం, "ఉండనీ. అయిదు కాలిపోయాయి, ఒకటి కలిసొస్తే ఎవరికి నష్టం?" అంది.

ముక్క వచ్చిన రోజు ఇంట్లో పండగ. దోనమ్మ పక్కనుండి చెబుతూ నాచేత మొక్కజొన్న కేకు చేయించింది. పక్కింటి సిరియా వాళ్ళకీ, వాచ్‌మన్‌కీ పంచాం. పట్టు శాలువా కప్పుకుని టీవీ ముందు కూర్చుంది, కనపడకపోయినా. మార్కోస్ బొమ్మ పెట్టాడు. ఇంటి లోపల గది, కానీ గాలికి తెర ఎగురుతోంది, మేడ మీది గది కదా మరి. బుగ్గలావిడ బల్ల దగ్గర కూర్చుని ఉత్తరం చదివి ఏడుస్తోంది. "ఏడుస్తోంది నాయనమ్మా, చాలా బాగా ఏడుస్తోంది" అన్నాడు మార్కోస్. దోనమ్మ మొహం చిట్లించి, "అమ్మా? ఉల్లిపాయ తరిగినా ఏడవదే" అంది. అంతలో వెనక నుంచి పనిమనిషి పళ్ళెంలో కాఫీ పట్టుకుని వచ్చింది. ఎడమ భుజం ముందు, మనిషి వెనక. కప్పు అందించే ముందు కింది పెదవి చాపి ఉఫ్ అని ఊదింది, నుదుటి జుట్టు ఎగిరింది. ఏదో అంది కూడా, నోరు కదిలింది. నాయిక అక్కర్లేదన్నట్టు చెయ్యి విసిరింది. పనిమనిషి వెనక్కి తిరిగి వెళ్ళిపోయింది. అయిపోయింది. అందరూ చప్పట్లు కొట్టారు. నాకు మాత్రం చేతులు రాలేదు. ఎందుకంటే ఆ నడకకి నేను ఆ పొద్దున్నే స్నానం చేయించి వచ్చాను.

వంటకని చెప్పి లోపలికి పోయి ట్రంకు తెరిచాను. చిలక ముక్కావిడ నా వైపు చూసింది, ఇప్పటికి తెలిసిందా అన్నట్టు. చెప్పకుండా ఊరుకుంటే లౌరిందా పేరు ఒలింపియా ముఖం మీద పడి అలాగే ఉండిపోతుంది. మిగిలిన ఒక్క ముక్కలోనూ ఆవిడ లేనట్టే. చెబితేనో, మహారాణి అనుకున్న అమ్మ పనిమనిషి అవుతుంది, పైగా ఏడాదిన్నరగా శత్రువుకి ముద్దులు పెట్టించానని నన్ను విమానం ఎక్కిస్తారు. రెండు రోజులు చిక్కుళ్ళలో ఉప్పు రెండుసార్లు పడింది. నోరు మెదపలేదు. దోనమ్మకి నా మౌనమంటే దీపం తీసేసినట్టే. "మెనీనా, ఎక్కడున్నావు? ఇంట్లోనే ఉన్నావా?" అని తడుముకుంటూ వెతికింది. పక్కనే ఉన్నాను. ఇంక ఆగలేకపోయాను.

ఫిలో ఇంట్లో ఉండగా రెండు పటాలూ ఒళ్ళో పెట్టుకుని దోనమ్మ కాళ్ళ దగ్గర కూర్చున్నాను. "దీదీ, నేను తప్పు చేశాను. నేను పూలు పెట్టింది అమ్మకి కాదు. ఆ ముక్కలో కాఫీ తెచ్చిన పనిమనిషే అమ్మ" అన్నాను. ఫిలో నమ్మలేదు. బుగ్గలావిడ పటం తీసుకుని వెనక్కి తిప్పింది. అట్ట మీద ఏదో రాసి ఉంది. దుమ్ము దులిపినప్పుడల్లా చూసేదాన్ని, గీతలనుకునేదాన్ని. ఫిలో చదివింది. ముందు పోర్చుగీసులో, తర్వాత నా కోసం హిందీలో. "నా లౌరిందాకి. నీ కాఫీ ఎప్పుడూ చల్లగానే ఉండేది. ఒలింపియా."

పై అంతస్తులో ఎవరో మసాలా దంచుతున్నారు. దోనమ్మ చెయ్యి గాలిలో వెతికి నా తల దొరికించుకుంది.

"పనిమనిషా?"

"అవునమ్మా."

"బాగా చేసిందా?"

ఆ పని నాకు తెలిసిన పని. "అబద్ధం చెప్పలేనమ్మా. ఆ నడకకి ఏ ఇంట్లోనూ రెండు రోజులు ఉంచుకోరు. పళ్ళెం పట్టుకుని ఊరేగింపులో వచ్చినట్టు వస్తుంది. ఎవరు యజమానురాలో, ఎవరు పనిదో తెలియదు. వెళ్ళేటప్పుడు నాయిక భుజాన్ని మోచేత్తో పొడిచింది కూడా, ఎవరూ చూడలేదు గాని."

ఫిలో భయపడుతూనే తర్జుమా చేసింది. దోనమ్మ ముందు దగ్గింది అనుకున్నాను. దగ్గు కాదు, నవ్వు. శాలువా జారిపోయేదాకా నవ్వింది. "అదీ! అది మా అమ్మ!" అంది. "ఏడిచినావిడని చూపించినప్పుడే అనుకున్నాను. పెట్టు, మళ్ళీ పెట్టు." ఫిలో టీవీ పెట్టింది. పనిమనిషి వచ్చింది, ఊదింది, నోరు కదిపింది. "ఏమంటోంది?" అని అడిగింది దోనమ్మ.

అది ఎవరికి తెలుసు? మాట లేని సినిమా. కానీ ఊది తెచ్చిన కాఫీని ముఖం చూడకుండా తోసేసే వాళ్ళ ముందు పనిమనిషి పెదవుల కింద ఏమంటుందో నాకు తెలియదా? నా నోరు దానంతటదే తెరుచుకుంది. తెలుగులోనే, నా రంపం గొంతుతోనే: "ఇదిగో కాఫీ. ఊది మరీ తెచ్చాను. తాగితే తాగు, లేకపోతే ఆ ఏడుపులో కలుపుకో. నాకు అవతల అంట్లున్నాయి!"

ఫిలో తర్జుమాకి నోరు తెరిచింది. దోనమ్మ చెయ్యెత్తి ఆపింది. కళ్ళు మూసుకుని వింటోంది. "అర్థం వద్దు. గొంతు చాలు. ఇంకోసారి, మెనీనా."

ఆ పూట పదకొండుసార్లు చెప్పాను. ప్రతిసారీ ఒక కొత్త తిట్టు కలిపాను, కూడబెట్టుకున్నవి చాలా ఉన్నాయి. తర్వాత రోజూ కునుకు తీశాక అదే పని. రియో పెద్దాయన హాల్లో రెండు పేర్లూ సరిగ్గా వేశాడు. కింద వరసలో, కాఫీ తెచ్చిన పరిచారిక, లౌరిందా అని. రాణి సినిమా సంగతి మాత్రం ఆయన ఇంకా వదల్లేదట, ఫిలో ఎంత చెప్పినా వెతుకుతూనే ఉన్నాడట.

ఇంకో చలికాలానికి దోనమ్మ కన్ను మూసింది, ఉదయం కాఫీ తాగాకే. మార్కోస్ వాళ్ళు బ్రెజిల్ వెళ్తూ లౌరిందాని తీసుకెళ్ళారు. "మరి ఒలింపియా?" అన్నాను. "సత్యా, ప్రపంచంలో ఆవిడకి నువ్వొక్కదానివే భక్తురాలివి. నీ దగ్గరే ఉండనీ" అన్నాడు. కాదనలేకపోయాను. ఒకసారి బొట్టు పెట్టిన పటాన్ని ఏ చెత్తలో వేస్తాం?

ఇప్పుడు నా రెండో చిన్నతనం కూడా అయిపోయింది. లిఫ్టులో నేనే కొత్తవాళ్ళకి బొత్తాం చూపిస్తున్నాను, తిట్లు మూడు భాషల్లో వచ్చు. మా మేరీ రోజుకి నాలుగు రీళ్ళు ఫోన్లో తీసుకుంటుంది, ఒక్కటీ కాలిపోదు, సాయంత్రానికి దానికే గుర్తుండవు. లౌరిందాకి రెండు నిమిషాలు మిగిలాయి, అందులోనూ పళ్ళెం మోసింది. అయినా ఆ రెండు నిమిషాలు నాకు ఇప్పటికీ కంఠతా వచ్చు. కొత్త గదిలో ఒలింపియాని మా ఆయన పటం పక్కన మేకుకి తగిలించాను. బొట్టు మళ్ళీ దిద్దాను. మేరీ పగలబడి నవ్వింది, నవ్వనీ. పొద్దున్నే గుడ్డ సంచిలో దించిన కాఫీ ఒక చిన్న గ్లాసు ఆవిడ ముందు పెడతాను, ముందు కింది పెదవి చాపి ఊది మరీ. "తాగితే తాగు" అంటాను. ఆవిడ ఎప్పటిలాగే ముట్టుకోదు. చల్లారాక నేనే తాగేసి పనికి పోతాను.